సైమన్ నేపియర్-బెల్: పుస్తకాలు మేలా, సినిమాలు మేలా?

బ్రిటిష్ పాప్ సంగీతం వెనక నడిచిన బేరసారాలు తెలుసుకోవాలంటే సైమన్ నేపియర్-బెల్ దగ్గర మొదలుపెట్టొచ్చు. 1939లో లండన్‌లో పుట్టారు. 1966లో యార్డ్‌బర్డ్స్ అనే రాక్ బ్యాండ్‌కి మేనేజర్ అయ్యారు. ఆ తర్వాత రాక్ గాయకుడు మార్క్ బోలన్ కొన్నాళ్లు వాయించిన జాన్స్ చిల్డ్రన్, జపాన్ అనే బ్యాండ్, 1980లలో జార్జ్ మైకేల్, ఆండ్రూ రిడ్జ్‌లీల పాప్ జంట వ్యామ్ ఆయన చేతిలో ఉన్నాయి. 1980ల మొదట్లోనే పుస్తకం రాశారు. డెబ్బై దాటాక డాక్యుమెంటరీలు తీశారు. తండ్రి కూడా డాక్యుమెంటరీలు తీసినవాడే కాబట్టి ఇదేమీ కొత్త పిచ్చి కాదు. ఇప్పుడు కొత్తగా ఈయన జోలికి వెళ్లేవాళ్లు ముందు చదవాలా, చూడాలా?

నా ఓటు పుస్తకాలకి. సినిమాలు బాగోలేక కాదు. మేనేజర్ పని జరిగే చోట కెమెరా ఉండదు, అదీ అసలు చిక్కు. ఫోన్లో, హోటల్ గదిలో, భోజనాల బల్ల దగ్గర బేరం తెగుతుంది. మిగిలే ఫుటేజ్ అంతా స్టేజీదే.

వ్యామ్ చైనా ప్రయాణమే తీసుకోండి. 1985 ఏప్రిల్‌లో బీజింగ్ వర్కర్స్ జిమ్నేజియంలో వాళ్లు పాడారు. దానికి ముందు ఏడాదిన్నర పాటు ఈయన చైనా అధికారుల చుట్టూ తిరుగుతూ వాళ్లకి లంచ్‌లు, అంటే మధ్యాహ్న భోజనాలు, పెట్టించారు. 2005లో వచ్చిన 'ఐయామ్ కమింగ్ టు టేక్ యూ టు లంచ్' ఆ కథే. అదే సమయంలో క్వీన్ బ్యాండ్ కూడా చైనా వెళ్లాలని చూస్తోందట. ఈయన రెండు బ్రోషర్లు తయారు చేయించారట. ఒకదాంట్లో వ్యామ్ కుర్రాళ్లు చక్కగా, బుద్ధిమంతుల్లా ఉంటారు. ఇంకోదాంట్లో క్వీన్ గాయకుడు ఫ్రెడ్డీ మెర్క్యురీ ఆడంబరమైన పోజుల్లో ఉంటాడు. రెండూ అధికారుల ముందు పెట్టి మీరే ఎంచుకోండి అన్నారట. ఈ కథ ఆయన నోటనే వినాలి, ఆ కొంటెతనంతో సహా. చైనా యాత్రను కెమెరా పట్టింది కూడా. లిండ్సే ఆండర్సన్ లాంటి పెద్ద దర్శకుణ్ణి పెట్టుకుని, ఆయన చేసిన ఎడిట్ నచ్చక ఆయన్ని తప్పించి, మళ్లీ కోసి 1986లో విడుదల చేశారు. చివరికి జనం చూసింది ఎక్కువగా పాటలే. లంచ్‌లు కావాలంటే పుస్తకమే గతి.

మాటలు ఆయన బలం అనడానికి ఇంకో సాక్ష్యం ఉంది. బ్రిటిష్ గాయని డస్టీ స్ప్రింగ్‌ఫీల్డ్‌కి ఒక ఇటాలియన్ పాట బాణీ నచ్చింది కానీ ఇంగ్లిష్ మాటలు లేవు. డస్టీ స్నేహితురాలు విక్కీ వికమ్‌తో కలిసి ఈయన 1966లో గంటల్లో రాసిచ్చారు. 'యూ డోంట్ హావ్ టు సే యూ లవ్ మీ' బ్రిటన్‌లో నంబర్ వన్ అయింది, తర్వాత ఎల్విస్ కూడా పాడాడు. మేనేజర్ కమిషన్ మామూలుగా ఒప్పందం ముగిశాక మహా అయితే కొన్నేళ్లు వస్తుంది. పాట హక్కు మాత్రం బ్రిటన్‌లో రచయితల్లో చివరివారు పోయాక కూడా 70 ఏళ్లుంటుంది. ఏళ్ల తరబడి మోసిన బ్యాండ్లకంటే ఒక్క సాయంత్రం రాసిన పాటకే ఆయుష్షు ఎక్కువ!

అయితే పుస్తకంలో ఒక్క గొంతే వినిపిస్తుంది, అదీ మేనేజర్ గొంతు. కథ రక్తి కట్టించడం ఆయన వృత్తి. బ్రోషర్ల ముచ్చట నేను 'అట' అంటూ చెప్పింది అందుకే. 1986 దగ్గరికి వచ్చేసరికి ఈ లోపం ఇంకా తెలుస్తుంది. వ్యామ్ మేనేజ్‌మెంట్ కంపెనీని, వర్ణవివక్ష నాటి దక్షిణాఫ్రికాలోని సన్ సిటీ అనే రిసార్ట్‌తో సంబంధం ఉన్న సంస్థకు అమ్మే బేరం బయటపడింది. జార్జ్ మైకేల్ తెగదెంపులు చేసుకున్నారు. ఆ తగాదాలో నేపియర్-బెల్ ఒక పక్షం. ఆ అధ్యాయం చదివేటప్పుడు అది గుర్తుంచుకోవాలి.

సినిమాలో ఆ ఇబ్బంది తగ్గుతుంది, ఎందుకంటే నలుగురూ మాట్లాడతారు. ఆయన డాక్యుమెంటరీ '50 ఇయర్స్ లీగల్' ఇందుకు మంచి ఉదాహరణ. 21 ఏళ్లు దాటిన మగవాళ్ల మధ్య స్వలింగ సంబంధం, అదీ నాలుగు గోడల మధ్య జరిగితే, నేరం కాదని 1967లో ఇంగ్లండ్, వేల్స్‌లకు చట్టం వచ్చింది. దానికి యాభై ఏళ్లు నిండిన సందర్భంగా 2017లో తీశారు. నేపియర్-బెల్ కూడా గే. ఆ చట్టానికి ముందే సంగీత రంగంలోకి వచ్చినవారు. అయినా ఇక్కడ ఆయన చమత్కారం కంటే ఆ కాలాన్ని అనుభవించిన మనుషుల ముఖాలు, గొంతులే ముఖ్యం. ఈ ఒక్క విషయంలో పేజీ కంటే తెర మేలు, అనుమానం లేదు.

27 ఏళ్లకే పోయిన హెండ్రిక్స్, జానిస్ జాప్లిన్, కర్ట్ కొబైన్ లాంటి రాక్ తారల మీదా, గాయకుడు ఫ్రాంక్ సినాట్రా శతజయంతికీ ఆయన తీసినవి నన్ను అంతగా లాగలేదు. ఆ విషయాలు ఇంకెవరైనా తీయగలరు. పైగా పాటల మీద సినిమా అంటే ఖర్చుతో కూడిన టెన్షన్. ఒక్క ముక్క వినిపించాలన్నా పాట రాసినవాళ్ల హక్కుకి వేరే, రికార్డింగ్ హక్కుకి వేరే అనుమతి తెచ్చుకోవాలి. పుస్తకంలో పాట ఎలా పుట్టిందో చెప్పడానికి ఎవరి గుమ్మం ఎక్కనక్కర్లేదు.



పుస్తకాల్లో ఏది ముందు అంటే, పరిశ్రమ గురించి కావాలనుకునేవాళ్లు 2001లో వచ్చిన 'బ్లాక్ వినైల్ వైట్ పౌడర్' పట్టుకోవచ్చు. బ్రిటిష్ పాప్‌ని డబ్బు, డ్రగ్స్, తెర వెనక మనుషుల వైపు నుంచి చూపిస్తుంది. నవ్వుకోవడానికైతే లంచ్ పుస్తకం. 2014 నాటి 'టా-రా-రా-బూమ్-డి-ఏ' షీట్ మ్యూజిక్ (కాగితంపై అచ్చేసిన పాటల స్వరాలు) అమ్ముకున్న రోజుల్లోకి వెళ్తుంది, కాస్త ఓపిక ఉన్నవాళ్లకి. జార్జ్ మైకేల్ మీద ఆయన తీసిన డాక్యుమెంటరీ మాత్రం లంచ్ పుస్తకం అయ్యాకే చూడండి. తీస్తున్నది ఎవరో తెలిసి చూస్తే, ఎక్కడ ఎవరు మాట్లాడుతున్నారో, ఎవరు మాట్లాడటం లేదో కూడా కనిపెట్టొచ్చు.