వేలిముద్ర పడని అమ్మకు ముఖమే సాక్ష్యం: మిలటరీ కుటుంబ పింఛను, కార్డుల నమోదుపై నా అనుభవం

మిలటరీలో పనిచేసినవారి ఇంట్లో భార్యాపిల్లల పేర్లు ఎక్కించడం, పింఛను మార్పించడం, కార్డులు తీయించడం గురించి నన్ను చాలామంది అడుగుతుంటారు. ఏ కాగితాలు కావాలో ఎక్కడైనా దొరుకుతుంది, అది నేను రాయను. నేను చెప్పదలచుకున్నది ఒక్క విషయం. పింఛను తీసుకునేవారు బతికే ఉన్నామని ఏటా ఇచ్చే ఆన్‌లైన్ ధ్రువపత్రం, అంటే జీవన్ ప్రమాణ్‌ను, ఫోన్లో ముఖం చూపించి ఇచ్చే సదుపాయం మా అమ్మకు పోయిన మర్యాదను తిరిగి తెచ్చింది. దాన్ని కొన్నేళ్లుగా వాడుతున్నాను కనుక మంచీ చెడూ రెండూ రాస్తాను.

మాది గజపతి జిల్లా పర్లాకిమిడి. ఊరు ఒడిశాలో ఉన్నా ఇంట్లో తెలుగే, చుట్టాలంతా పాతపట్నం, టెక్కలి, పలాస వైపే. నాన్న 1980లలోనే పింఛనుతో ఇంటికొచ్చేశాడు. ఆయన ఒక గొప్ప పని చేసి పెట్టాడు. పెళ్లయిన వెంటనే అమ్మ పేరు, పుట్టిన తేదీ, తరవాత మా పిల్లల పేర్లు యూనిట్లో పార్ట్ టూ ఆర్డర్ (కుటుంబ వివరాలు నమోదు చేసే మిలటరీ ఉత్తర్వు) వేయించి రికార్డులో ఎక్కించాడు. పింఛను మంజూరు పత్రం పీపీఓలోనూ అమ్మ పేరు ఉంది. నాన్న పోయాక మిలటరీ పింఛన్ల ఆన్‌లైన్ పోర్టల్ స్పర్శ్‌లో మరణ ధ్రువపత్రం, అమ్మ వివరాలు పెడితే కుటుంబ పింఛను మేం భయపడినంత ఇబ్బంది లేకుండానే మొదలైంది. మా వీధిలోనే ఇంకొక మాజీ సైనికుడి భార్య ఉంది. ఆయన ఆవిడ పేరు ఎక్కించకుండానే పోయాడు. పెళ్లి నాటి రుజువుల కోసం ఆవిడ పడిన తిప్పలు చూశాక నాన్నకు రోజూ దండం పెట్టుకోవాలనిపించింది. సర్వీసులో ఉన్న కుర్రాళ్లు ఎవరైనా ఇది చదువుతుంటే, ఈ సెలవుల్లోనే ఆ పని చూసుకోండి.

ఇక అసలు సంగతి. పింఛను మొదలవడం ఒక ఎత్తు, ఏటా బతికే ఉన్నామని చూపించుకోవడం మరొక ఎత్తు. మా అమ్మకు వేలిముద్రలు పడవు.

ఎందుకు పడవో చెప్పాలి. నాన్న ఎక్కడో సరిహద్దులో ఉన్న రోజుల్లో అమ్మ పుట్టింట్లో ఉండి, పలాసలో జీడిపిక్కలు కొట్టే పనికి వెళ్లేది. పిక్క పగిలితే పెంకులోంచి నల్లటి జీడి కారుతుంది. అది చర్మం మీద పడితే కాల్చేస్తుంది. చేతులకు బూడిదో ఆముదమో రాసుకుని కూర్చున్నా చివరికి వేళ్ల కొసలు నున్నబడిపోతాయి. పలాస, కాశీబుగ్గ వైపు ఆ పని చేసిన ఆడవాళ్ల చేతులు చూడండి, అర్థమవుతుంది. రేషను మిషను దగ్గరా అమ్మకు ఇదే గొడవ. ఆ చేతులతో మమ్మల్ని పెంచింది. ఆ చేతుల్లో గీతలు లేవని మిషను ఎర్రదీపం వెలిగిస్తే నాకు కడుపు రగిలిపోయేది.

మొదటి నవంబరులో బజారులో ఒక నెట్ షాపుకి తీసుకెళ్లాను. అమ్మ ఒక్కో వేలూ పెట్టింది. తుడిచి పెట్టింది, తడి చేసి పెట్టింది. వెనకాల లైన్లో జనం. షాపతను ఒరియాలో విసుక్కుంటుంటే అమ్మ నా వైపు తిరిగి, "నా ఏళ్ళు అరిగిపోనాయి బాబూ, నాను ఎదురుగా కూసున్నాను కదా, బతికున్నానని మిషను సెప్పాలేటి?" అంది. చివరికి ఏదో వేలు ఎలాగో పడింది. కాగితం చేతికొచ్చింది, ఇంటికొచ్చాం.

కానీ ఆ సర్టిఫికెట్ చెల్లలేదు. షాపతను పింఛను ఇచ్చే సంస్థ అన్నచోట నాన్న కాలం నాటి బ్యాంకు పేరు కొట్టాడు. పింఛన్లు బ్యాంకు చేతుల్లోంచి స్పర్శ్‌లోకి మారాక అక్కడ ఎంచుకోవాల్సింది బ్యాంకును కాదు, స్పర్శ్ పీసీడీఏ పెన్షన్స్ (రక్షణ శాఖ పింఛన్ల ఆఫీసు) అన్నదాన్ని. అదీకాక పింఛను రకం అన్నచోట ఫ్యామిలీ అని పెట్టాల్సింది సర్వీస్ అని పెట్టాడు. ఇవేవీ ఆ కాగితం చూస్తే మామూలు మనిషికి తెలియవు. సర్టిఫికెట్ నంబరు, అదే ప్రమాణ్ ఐడీ, వచ్చింది, ఎస్ఎంఎస్ వచ్చింది, అయిపోయింది అనుకుంటాం. కొన్నాళ్లకు పింఛను పడడం ఆగిపోయింది.

ఆ నెలలు తలచుకుంటే ఇప్పటికీ బాధే. అమ్మ బీపీ మాత్రలకు కూడా నన్ను అడగాల్సి వచ్చింది. నేను ఇవ్వనని కాదు. నాన్న పోయాక ఆ డబ్బు తన సొంతం అని అమ్మకు ఒక ధైర్యం ఉండేది. మనవరాలికి గాజులు కొన్నా, గుడిలో పదో పరకో వేసినా అందులోంచే. ఆ ధైర్యం పోయింది. నాన్న రెండోసారి పోయినట్టుంది అంది ఒకరోజు.

మళ్లీ వేలిముద్రలకు వెళ్లాం. ఈసారి ఏ వేలూ పడలేదు. కంటిపాప చూసే మిషనుతోనూ జీవన్ ప్రమాణ్ ఇవ్వొచ్చు. అది మా ఊళ్లో మేం తిరిగిన షాపుల్లో ఎక్కడా లేదు. అప్పుడు టెక్కలిలో ఉన్న మా మేనమామ కొడుకు ఫోన్ చేసి, "బావా, ముఖంతో అవుద్ది, ఫోన్లోనే చేసుకో" అన్నాడు. జీవన్ ప్రమాణ్ 2014 నుంచి ఉన్నా, ముఖంతో ఇచ్చే పద్ధతి 2021 నవంబరులో వచ్చింది. మాకు మాత్రం అప్పటిదాకా ఎవరూ చెప్పలేదు.

రెండు యాప్‌లు కావాలి. ఒకటి ఆధార్ వాళ్ల ఫేస్ ఆర్‌డీ. దాన్ని ఎక్కిస్తే చాలు, విడిగా తెరవాల్సిన పని లేదు, లోపల్నుంచి తన పని తాను చేస్తుంది. రెండోది జీవన్ ప్రమాణ్. ముందు ఫోను పట్టుకున్న మనిషి, అంటే నేను, ఆపరేటరుగా నా ఆధార్ నంబరు కొట్టి నా ముఖం చూపించాలి. ఆ తరవాతే అమ్మ వివరాలు. ఇక్కడ స్పర్శ్ ఇచ్చిన 12 అంకెల కొత్త పీపీఓ నంబరే వేయాలి, నాన్న ట్రంకుపెట్టెలోని పాత నంబరు కాదు. మంజూరు చేసినవారు డిఫెన్స్, ఇచ్చేవారు స్పర్శ్, రకం ఫ్యామిలీ. ఈ మూడూ ఒకటికి రెండుసార్లు చూసుకున్నాకే ముందుకెళ్లండి.

అమ్మను వసారాలో వెలుగు మొహం మీద పడేట్టు కూర్చోబెట్టాను. తెర మీద గుండ్రటి గీతలో మొహం పట్టించి కళ్లు ఆర్పమంటుంది. అమ్మ కళ్లు ఆర్పింది. పచ్చటి గీత వచ్చింది. అంతే. ఎవరూ విసుక్కోలేదు, ఎవరూ చెయ్యి పట్టుకుని గాజు మీద నొక్కలేదు. "అయిపోనాదా?" అంది నమ్మలేక. తరవాత కొద్ది రోజులకు స్పర్శ్‌లో గడువు తేదీ మారింది, ఆగిన పింఛను బకాయితో సహా పడింది. ఆ రోజు మా వదినకు, పక్కింటివాళ్లకు, పాతపట్నం పిన్నికి, ఫోన్ పట్టుకున్న ప్రతివారికీ ఇదే చెప్పాను.

అప్పుడు చెప్పినంత గట్టిగా ఇప్పుడు చెప్పను. మరుసటి ఏడు అమ్మకు కంటిశుక్లం ఆపరేషన్ అయింది. నల్లద్దాలు తీస్తే వెలుగుకు కళ్లు మూసుకుపోతాయి, పెట్టుకుంటే ముఖం పట్టదు. దానికితోడు ఆధార్‌లో ఫోటో బాగా పాతది, నాన్న ఉన్నప్పటిది, నుదుటి మీద పెద్ద బొట్టుతో, నిండు బుగ్గలతో. ఇప్పుడు అమ్మ చిక్కిపోయింది. ముఖం సరిపోలలేదని పదే పదే వచ్చింది. ఆధార్ కేంద్రానికి తీసుకెళ్లి ఫోటో కొత్తది తీయించాక, కన్ను తేరుకున్నాక గానీ పని కాలేదు. కాబట్టి నవంబరు చివరిదాకా ఆగొద్దు. 80 దాటినవారికి అక్టోబరు నుంచే ఇచ్చే వీలుంది, అది వాడుకోండి. ఇంట్లో పెద్దవాళ్ల ఆధార్ ఫోటో పదేళ్ల కిందటిదైతే వేసవిలోనే మార్పించుకోండి.

ఇంకొకటి. ఈ ముఖం పద్ధతి పింఛనుకే. మాజీ సైనికుల కుటుంబాలకు వైద్యం అందించే కేంద్ర పథకం ఈసీహెచ్ఎస్ కార్డుకు ఇది ఏ రకంగానూ సాయపడదు. నాన్న ఉన్నంతకాలం అమ్మ ఆ కార్డులో ఆయన మీద ఆధారపడిన మనిషి. ఆయన పోయాక తనే అసలు సభ్యురాలు. దానికి మళ్లీ ఆన్‌లైన్లో దరఖాస్తు, స్థానిక మిలటరీ ఆఫీసు స్టేషన్ హెడ్‌క్వార్టర్స్ పరిశీలన, కొత్త కార్డు. 1996కు ముందు రిటైరైనవారి ఇల్లు కనుక చందా కట్టే పని లేదు, అది కలిసొచ్చింది. కార్డు చాలా ఆలస్యంగా వచ్చింది గానీ, ఈలోగా తాత్కాలిక చీటీ అచ్చు తీసుకుంటే దాంతోనే మందులు ఇచ్చారు. ఆ చీటీ సంగతి తెలియక కార్డు వచ్చేదాకా డబ్బులిచ్చి మందులు కొనుక్కున్నవాళ్లు నాకు తెలుసు.

మాలా రెండు రాష్ట్రాల సరిహద్దులో ఉన్నవాళ్లకు ఇక్కడొక మేలుంది, దాని గురించి ఎవరూ పెద్దగా చెప్పుకోరు. నాన్న ఈసీహెచ్ఎస్ వైద్యానికి బరంపురం పాలిక్లినిక్ రాయించుకున్నాడు, ఒడిశా వాళ్లం కనుక ఒడిశాలోనే అని. అమ్మ దరఖాస్తులో శ్రీకాకుళం ఎంచుకున్నాం. ఆధార్‌లో చిరునామా పర్లాకిమిడిదే, అయినా అడ్డు రాలేదు. ఇది కేంద్రం పథకం కనుక మధ్యలో రాష్ట్రం గీత లేదు. పాతపట్నం మీదుగా బస్సెక్కితే దారంతా చుట్టాలే, అక్కడ డాక్టరుతో అమ్మ తన నొప్పి తన మాటల్లో చెప్పుకుంటుంది. బరంపురంలో నేను పక్కన నిలబడి ప్రతి మాటా ఒరియాలో చెప్పాల్సి వచ్చేది. ఆడవాళ్ల బాధలు కొన్ని కొడుకు నోటితో చెప్పించుకోవడం అమ్మకు ఎంత కష్టంగా ఉండేదో నాకు తెలుసు. అయితే మా జిల్లా ఒడిశా కనుక జిల్లా సైనిక్ బోర్డు ఇచ్చే వితంతువు గుర్తింపు కార్డు మటుకు ఇటువైపే తీసుకోవాలి. ఒక కాగితం అటు, ఒకటి ఇటు. రెండు వైపులా జిరాక్సులు ఉంచుకోవడం అలవాటైపోయింది.

పేర్ల గొడవ ఒక్క మాటలో చెబుతాను. నాన్న రికార్డులో ఇంటిపేరు ముందు, ఒడిశా కాగితాల్లో వెనక. అక్షరాలూ తేడా. అమ్మ విషయంలో ఆధార్‌ను రికార్డుకు సరిపోయేట్టు మార్పించాం గానీ, రికార్డును ఆధార్‌కు తగ్గట్టు మార్చమని అడగలేదు. మాకు అదే దగ్గరి దారి అయింది. మిలటరీ క్యాంటీన్లో సరుకులు కొనే కార్డు దానంతటదే దారిలో పడింది.

మరి నేను ఎవరికైనా ముఖం పద్ధతే చెబుతానా? ఇంట్లో కాస్త మంచి ఫోను, దాన్ని పట్టుకుని ఓపికగా కూర్చునే కొడుకో కూతురో మనవడో ఉంటే, తప్పకుండా చెబుతాను. వేలిముద్రలు అరిగినవారికి ఇంతకన్నా మంచిది నేను చూడలేదు. కాశీనగరం అవతల పల్లెల్లో, పిల్లలు సూరత్‌కో చెన్నైకో పనికి పోయి ఒంటరిగా ఉన్న ముసలమ్మలకు మాత్రం ఇది ఎంతవరకు పనికొస్తుందో చెప్పలేను. సిగ్నల్ అందని చోట యాప్ ముందుకు కదలదు. అలాంటివారికి పోస్టుమాన్ ఇంటికొచ్చి జీవన్ ప్రమాణ్ తీసే సేవ ఉంది, పోస్టాఫీసు బ్యాంకు ఐపీపీబీ వాళ్లది, 70 రూపాయలు తీసుకుంటారు. మా పిన్ని అత్తగారికి అలాగే చేయించాం. ఎవరు తీసినా సరే, ఇచ్చేవారు స్పర్శ్ అని, రకం ఫ్యామిలీ అని ఉందో లేదో ఆ మనిషి వెళ్లిపోకముందే తెర మీద చూసుకోండి. వారం తరవాత స్పర్శ్‌లోకి వెళ్లి గడువు తేదీ మారిందో లేదో మళ్లీ చూడండి. మారకపోతే డిసెంబరు పింఛను కోసం ఎదురుచూడకుండా అప్పుడే ఇంకొకటి ఇచ్చేయండి.