దవడ కీలు నొప్పికి ఏళ్ల తరబడి వాడినవి: ఏది మిగిలింది, ఏది మూలన పడింది

దవడ నొప్పి అనగానే ఎవరికైనా ముందు తట్టేది పన్నే. నాకూ అలాగే మొదలైంది. చెవి ముందు సలుపు, కణతల దగ్గర బరువు, పొద్దున లేచేసరికి నోరు సగమే తెరుచుకోవడం. ఈఎన్‌టీ డాక్టర్ చెవిలో ఏమీ లేదన్నారు. డెంటిస్ట్ ఎక్స్‌రే తీసి పళ్లన్నీ బాగున్నాయన్నారు. ఇంకో డెంటిస్ట్ మాత్రం నా రెండు చెవుల ముందు వేళ్లు ఆనించి, నోరు తెరిచి మూయమని, చెంపలు నొక్కి చూసి, టీఎండీ అని చీటీ మీద రాశారు. అంటే దవడ కీలుకో, దాని చుట్టూ ఉండే కండరాలకో వచ్చే ఇబ్బంది. అప్పటినుంచి వాడినవి, చేసినవి, మానేసినవి ఏవి ఎంత పనికొచ్చాయో రాస్తున్నాను. నేను డాక్టర్‌ని కాను, వాడి చూసిన మనిషిని.

కీలు సంగతి కాస్త తెలిస్తే మిగతాది సులువు. చెవి రంధ్రానికి సరిగ్గా ముందు వేలు పెట్టి నోరు తెరవండి. లోపల ఏదో కదులుతుంది, అదే కీలు. తెరిచేటప్పుడు ముందు తిరుగుతుంది, ఆ తర్వాత ముందుకు జారుతుంది. రెండు ఎముకల మధ్య చిన్న డిస్క్ ఉంటుంది. అది పక్కకు జరిగి ఉంటే, నోరు తెరిచినప్పుడు మళ్లీ చోటుకొస్తూ టక్‌మంటుంది. నన్ను అన్నిటికంటే ఎక్కువ భయపెట్టింది ఆ చప్పుడే. నొప్పి లేకుండా, నోరు ఇరుక్కుపోకుండా ఉత్త చప్పుడే అయితే సాధారణంగా వైద్యం అక్కర్లేదని తెలిశాక సగం టెన్షన్ తగ్గింది. చాలామందికి నొప్పి పుట్టేది కీలులో కంటే దాన్ని కదిపే కండరాల్లోనే. పళ్లు బిగించి చెంప మీద చెయ్యి వేస్తే ఒక కండ ఉబ్బుతుంది చూడండి, నా గొడవంతా అక్కడే.

ముందు నైట్ గార్డ్ గురించి, అంటే రాత్రి పడుకునేటప్పుడు పళ్లకు తొడుక్కునే తొడుగు. వేడి నీళ్లలో ముంచి కొరికితే అచ్చు పడే మెత్తటి రకం మొదట వాడాను. నిద్రలో దాన్ని నమిలేవాణ్ని. పొద్దునకి చెంపలు ఇంకా పట్టేసేవి. మెత్తటివి అందరికీ ఇలాగే చేస్తాయని కాదు గానీ, కొందరిలో బిగింపు పెంచుతాయి. తర్వాత డెంటిస్ట్ కొలత తీసి చేయించిన గట్టి యాక్రిలిక్‌ది, పై పళ్ల వరస మొత్తాన్ని కప్పేది. ఇప్పటికీ అదే వాడుతున్నాను. వెలుతురులో పట్టుకుని చూస్తే వెనక దంతాలు ఆనే చోట మెరుపు పోయి, సన్నటి గీతలు కనిపిస్తాయి. ఆ అరుగుదల నా పళ్ల మీద పడాల్సింది. అంతవరకు మంచి వస్తువే. కానీ అది పళ్లను కాపాడుతుందే తప్ప బిగించడాన్ని మాన్పించదు. 2023లో బీఎంజే అనే బ్రిటిష్ వైద్య పత్రిక ప్రచురించిన మార్గదర్శకాలు దీర్ఘకాలిక నొప్పికి దవడ వ్యాయామాలను, సాగదీతలను, సీబీటీ అనే మానసిక చికిత్సను గట్టిగా సిఫార్సు చేశాయి. తీసి పెట్టుకునే గార్డుల విషయంలో మాత్రం మొగ్గు చూపలేదు. గార్డ్ పెట్టుకోగానే నొప్పి పోతుందని ఎవరైనా చెబితే కొంచెం ఆగి ఆలోచించండి. ముందు పళ్లకు మాత్రమే తగిలించే బుల్లి రకాలను ఎక్కువకాలం వాడితే పళ్ల అమరికే మారిపోవచ్చు, కాబట్టి డెంటిస్ట్ కనిపెట్టుకుని ఉండకుండా వాటి జోలికి పోకూడదు.

నాకు నిజంగా పనిచేసింది దమ్మిడీ ఖర్చు లేనిది. పెదాలు కలిసి ఉండాలి, పళ్లు విడిగా ఉండాలి, నాలుక కొస పై పళ్ల వెనక అంగిలికి తేలిగ్గా ఆని ఉండాలి. ఇంతే. నమిలేటప్పుడు, మింగేటప్పుడు తప్ప పై పళ్లకీ కింది పళ్లకీ పని లేదు. ఇది చదువుతున్న ఈ క్షణంలో మీ పళ్లు తాకుతున్నాయేమో చూసుకోండి. నేను రాత్రి పళ్లు కొరుకుతానని అనుకునేవాణ్ని, కానీ అసలు వాయింపుడు పగలే. మెయిల్ టైప్ చేస్తున్నప్పుడు, బండి నడుపుతున్నప్పుడు, బరువు ఎత్తేటప్పుడు, ఎవరి మాటకో జవాబు లోపలే మింగేసినప్పుడు పళ్లు బిగిసిపోయి ఉండేవి. దాంతో పాటు ఊపిరి కూడా బిగపట్టేవాణ్ని. నాలుక అంచుల మీద పళ్ల గుర్తులు, చెంప లోపల పొడుగ్గా తెల్లటి గీత అప్పుడే గమనించాను.

దీనికి నేను చేసిందల్లా కంప్యూటర్ తెర అంచున, స్టీరింగ్ పక్కన, ఫోన్ వెనక చిన్న చుక్క స్టిక్కర్లు అంటించడం. చుక్క కంటపడగానే పళ్లు విడదీసి, భుజాలు దించి, ఒక ఊపిరి నెమ్మదిగా వదలాలి. మొదట్లో చూసిన ప్రతిసారీ బిగిసే ఉండేవి, విసుగేసేది. మొబైల్‌లో అలారం పెట్టే యాప్ కూడా వాడాను కానీ, దాని మోతకే ఇంకా బిగుసుకుపోతుండేసరికి తీసేశాను. స్టిక్కర్లు నెలల తరబడి ఉన్నాయి. క్రమంగా చుక్క కనపడకపోయినా చేయడం అలవాటైంది. కణతల నొప్పి తగ్గడం మొదలైంది ఆ తర్వాతే.

వేడి కాపడం రెండో స్థానంలో ఉంటుంది. తడి తువ్వాలును ఓర్చుకోగలిగినంత వేడిగా చెంప నుంచి కణత దాకా పావుగంట ఉంచాలి. చల్లారితే మళ్లీ వేడి చేసుకోవాలి. కొత్తగా పట్టేసి వాచినట్టుంటే మాత్రం గుడ్డలో చుట్టిన ఐస్ కాసేపు పెడితే మేలు. కాపడం తర్వాత చెంప కండను వేళ్లతో గుండ్రంగా, నొప్పి అంచుదాకా వెళ్లి ఆగేలా రుద్దుతాను. కసి తీరా నొక్కితే మర్నాడు రెట్టింపు నొప్పి.

వ్యాయామాల్లో చిలీ దేశపు ఫిజియోథెరపిస్ట్ రొకబాడో పేరుతో ఉన్న పద్ధతి ప్రసిద్ధం. ఆరు కదలికలు, ఒక్కోటి ఆరుసార్లు, రోజుకు ఆరు విడతలు. ఉద్యోగం చేసుకుంటూ ఆరు విడతలు ఎవరు చేస్తారో నాకు తెలియదు. నాకు పొద్దున, మధ్యాహ్నం, పడుకునే ముందు అయింది. అన్నీ కాకుండా నాలుక అంగిలికి ఆనించి నోరు తెరిచి మూయడం, గడ్డం లోపలికి లాగి మెడ వెనక భాగాన్ని సాగదీయడం మిగుల్చుకున్నాను. ఫిజియోథెరపిస్ట్ దగ్గర ఒకసారి నేర్చుకుని చేయడం మంచిది, వీడియో చూస్తే గడ్డం పక్కకు పోవడం మనకు తెలియదు. ఆవలింత వచ్చినా నాలుక పైకే ఆనిస్తే నోరు మరీ బార్లా తెరుచుకోదు.

మూలన పడ్డవాటిలో మొదటిది సిలికాన్ బంతి, దవడ గీత చక్కబడుతుందని కొరకమనేది. అలిసిపోయిన కండకు అదనపు చాకిరీ అది. చూయింగ్ గమ్ కూడా అంతే. ప్రత్యేక దిండు వల్ల మెడకు కొంత హాయి తప్ప దవడకు ఏమీ తేడా తెలియలేదు. బోర్లా పడుకోవడం మానేస్తే దానికన్నా ఎక్కువ ఫలితం కనిపించింది.

ఒకచోట పళ్ల కొనలు అరగదీసి, పై పళ్లూ కింది పళ్లూ ఆనే తీరు సరిచేద్దామన్నారు. వద్దన్నాను. 1934లో కాస్టెన్ అనే అమెరికన్ ఈఎన్‌టీ డాక్టర్ చెవి, దవడ బాధలను పళ్ల అమరికతో ముడిపెట్టినప్పటినుంచి ఆ ఆలోచన వదలడం లేదు. మళ్లీ వెనక్కి తేలేని పనులు ఈ నొప్పికి చివరి మార్గంగా కూడా జాగ్రత్తగానే ఒప్పుకోవాలి. గోటితో పోయేదానికి గొడ్డలి ఎందుకు?

దవడ నొప్పికి తోడుగా వచ్చే చుట్టాలు కూడా ఉంటాయి. తలనొప్పి బాగా తగ్గింది, మెడ పట్టేయడం సగానికి సగం తగ్గింది. చెవిలో హోరు మాత్రం అలాగే ఉంది. సాయంత్రం కాఫీ మానేశాక పొద్దున బిగుతు కాస్త తగ్గినట్టు నాకనిపిస్తుంది. కాఫీ, మద్యం, సిగరెట్ నిద్రలో పళ్లు కొరకడాన్ని పెంచుతాయంటారు. డిప్రెషన్‌కు వాడే కొన్ని మందులూ పళ్లు బిగించడం తెచ్చిపెడతాయి, అలాగని సొంతంగా ఆపేయకండి, రాసిన డాక్టర్‌నే అడగండి. గురక, పగలు నిద్రమత్తు ఉంటే స్లీప్ ఆప్నియా, అంటే నిద్రలో ఊపిరి మాటిమాటికీ ఆగిపోయే జబ్బు, ఉందేమో చూపించుకోవాలి.

ఇంటి వైద్యం పనికిరాని సందర్భాలూ ఉన్నాయి. దవడ నొప్పితో పాటు ఛాతీ బరువు, చెమటలు, ఆయాసం ఉంటే అది గుండె కావచ్చు, వెంటనే ఆసుపత్రికి పోవాలి. యాభై దాటినవాళ్లకు కొత్తగా తలనొప్పి వచ్చి, నమిలేకొద్దీ దవడ పీకుతూ, చూపులో తేడా వస్తే ఆ రోజే డాక్టర్‌ని కలవాలి. నోరు తెరిచింది తెరిచినట్టు ఉండిపోయినా, అసలు తెరుచుకోకపోయినా, జ్వరంతో వాపు ఉన్నా కాపడాలతో కాలక్షేపం చేయకూడదు.

ఇక పంటి పనికి వెళ్లాల్సి వస్తే దవడ సంగతి ముందే చెప్పండి. నాకు ఒక్కసారి ఎక్కువసేపు నోరు తెరిచి ఉంచితే వారం నొప్పి. ఇప్పుడు పళ్ల మధ్య ఆనించే రబ్బరు దిమ్మ అడిగి పెట్టించుకుంటాను, పని ముక్కలుగా చేయమంటాను, ఎడమ చెయ్యి ఎత్తితే ఆపాలని కుర్చీలో కూర్చోకముందే ఒప్పందం చేసుకుంటాను.