సినిమానా, టెలివిజనా: ఆరన్ సోర్కిన్‌కు ఏది మేలు చేసింది?

నాటకాలతో మొదలుపెట్టి సినిమాకు, అక్కడి నుంచి టెలివిజన్‌కు వెళ్ళి, మళ్ళీ సినిమాకు వచ్చిన అమెరికన్ రచయిత ఆరన్ సోర్కిన్. స్క్రీన్‌ప్లే రచయితకు ఏ రంగం మేలో తేల్చుకోవడానికి ఆయన పనిని చూస్తే చాలు.

అధికారం విషయంలో టెలివిజన్‌దే పైచేయి. హాలీవుడ్‌లో స్క్రిప్టు కొన్న స్టూడియో దాన్ని మరొకరి చేత తిరగరాయించవచ్చు. 'మనీబాల్' (2011) కోసం స్టీవెన్ జైలియన్ రాసిన స్క్రిప్టును అలా తిరగరాసింది సోర్కినే. సీరియల్‌లో మాత్రం 'షోరన్నర్' హోదాలో రచయితే పెద్ద. దర్శకులు ఎపిసోడ్‌కొకరు వచ్చిపోతుంటారు. (కథ ఒకరు, మాటలు మరొకరు రాయడం మామూలైన మన డైలీ సీరియళ్ళకు ఈ లెక్క వర్తించదు.) 1999లో సోర్కిన్ సృష్టించిన 'ది వెస్ట్ వింగ్' ఉత్తమ డ్రామా సీరియల్‌గా వరుసగా 4 ఎమ్మీలు (అమెరికన్ టెలివిజన్ అవార్డులు) గెలుచుకుంది.

అయితే ఏడాదికి 22 ఎపిసోడ్ల చొప్పున, సహరచయితల బృందం ఉన్నా దాదాపు అన్నీ తానే రాయాలనుకోవడంతో స్క్రిప్టులు ఆలస్యమయ్యేవి, ఖర్చు పెరిగేది. నాలుగో సీజన్‌తో, 2003లో, ఆయన తప్పుకున్నారు. సీరియల్ ఆయన లేకుండానే 2006 దాకా నడిచింది. అంటే, పెత్తనం రచయితదే అయినా సొత్తు ఆయనది కాదు.

రాత నాణ్యత దృష్ట్యా నా ఓటు సినిమాకే. 'ది సోషల్ నెట్‌వర్క్' (2010) స్క్రిప్టు 162 పేజీలు. పేజీకి నిమిషం అనే పరిశ్రమ లెక్క ప్రకారం అది రెండున్నర గంటలు దాటాలి. దర్శకుడు డేవిడ్ ఫించర్ నటుల చేత ఆ మాటలను పరుగులు పెట్టించి, రెండు గంటల్లో ముగించారు. సోర్కిన్‌కు ఆస్కార్ వచ్చింది. అదే మాటల ధోరణి, పగ్గాలు పట్టేవారు లేని 'ది న్యూస్‌రూమ్' సీరియల్‌లో (2012-14) తరచూ ఉపన్యాసంగా మారిందని నా అభిప్రాయం.

2017 నుంచి ఆయన తన సినిమాలు కొన్నింటికి తానే దర్శకత్వం వహిస్తూ, టెలివిజన్‌లో అలవాటైన అధికారాన్ని సినిమాలోకి తెచ్చుకున్నారు. 'ది ట్రయల్ ఆఫ్ ది షికాగో 7' (2020) 6 ఆస్కార్ నామినేషన్లు పొందినా ఒక్కటీ గెలవలేదు. అవార్డుల మాట అలా ఉంచినా, ఫించర్ చేతిలో పడిన స్క్రిప్టుకున్న బిగి అందులో నాకు కనిపించలేదు.