హైదరాబాద్ మారథాన్: నల్లగొండ, పాలమూరు నుంచి పోయేవాళ్లు ముందే తెలుసుకోవాల్సినవి

హైదరాబాద్ మారథాన్‌కు పేరు నమోదు చేసుకునే ముందు ఒక సంగతి చూసుకోవాలి. హాఫ్ (21.1 కిలోమీటర్లు), ఫుల్ (42.2 కిలోమీటర్లు) పరుగులు మొదలయ్యేది హుస్సేన్‌సాగర్ ఒడ్డున, నెక్లెస్ రోడ్డు పీపుల్స్ ప్లాజాలో. ముగిసేది గచ్చిబౌలి స్టేడియంలో. సాగర్ నిండు నీటిమట్టం సముద్రమట్టానికి 513 మీటర్లు, గచ్చిబౌలి అంతకన్నా ఎత్తున ఉంది. మధ్యలో ఎక్కుళ్లూ దిగుళ్లూ ఎన్ని ఉన్నా, మొత్తం లెక్క తీస్తే ఎక్కుడే మిగులుతుంది. పానగల్ ఉదయసముద్రం కట్ట మీదనో, మహబూబ్‌నగర్ పెద్దచెరువు కట్ట మీదనో సాఫుగా పరుగెత్తి అలవాటైన కాళ్లకు ఈ లెక్క ముందే తెలియాలి.

మా మాట మొదటే చెప్పేస్తాం. హాఫ్‌కు కళ్లు మూసుకుని పోవచ్చు, 10కె కొత్తవాళ్లకు మంచి మొదలు. జీవితంలో మొదటి ఫుల్ మారథాన్ మాత్రం ఇక్కడ వద్దు. రెండో ఫుల్‌కో మూడో ఫుల్‌కో రండి, అప్పుడే దీని రుచి తెలుస్తుంది.

నగరంలో జనం వేలల్లో రోడ్డెక్కి పరుగెత్తడం 2003లో హైదరాబాద్ 10కె రన్‌తో ఊపందుకుంది. 2007లో హైదరాబాద్ రన్నర్స్ బృందం ఏర్పడింది, వాళ్ల చేతుల మీదుగానే 2011లో మారథాన్ మొదలైంది. తొలినాళ్లలో పేరు హైదరాబాద్ హెరిటేజ్ మారథాన్. తర్వాత స్పాన్సర్‌ను బట్టి ఎయిర్‌టెల్ పేరు చేరింది, 2022 నుంచి ఎన్‌ఎండీసీ పేరుతో నడుస్తోంది. పేరులో హెరిటేజ్ పోయింది కానీ, రూటు మాత్రం ఈ నగరం చరిత్రనే చెబుతుంది. చెరువు గట్టు, రాజ్‌భవన్ రోడ్డు, పంజాగుట్ట, జూబ్లీహిల్స్, ఆపైన ఐటీ కంపెనీల అద్దాల మేడలు. నగరం ఏ దారిన పడమటికి పెరిగిందో ఆ దారినే కాళ్లతో కొలుస్తున్నట్టుంటుంది. 2020 సెప్టెంబరులో దుర్గంచెరువు కేబుల్ బ్రిడ్జి తెరిచాక అదీ రూటులోకి వచ్చింది. నగరం ఫ్లైఓవర్లు కట్టుకున్నకొద్దీ ఈ పరుగుకు కష్టం పెరిగింది, అందమూ పెరిగింది.

రూటు ఏటా కొద్దికొద్దిగా మారుతుంది కాబట్టి ఆ ఏడాది మ్యాప్ చూసుకోక తప్పదు. మారనిది ఒకటుంది: పంజాగుట్ట దాటాక కేబీఆర్ పార్కు వైపు ఎక్కే దారి. ఫ్లైఓవర్ నిటారుగా ఉన్నా పొట్టిది, పైకి చేరితే దిగుడు వస్తుందని కంటికి కనబడుతుంది. జూబ్లీహిల్స్ ఎక్కుడు అట్లా కాదు. పెద్ద వాలేమీ లేదనిపిస్తూనే ఊపిరి లాగేస్తుంది. నెక్లెస్ రోడ్డు మీద ఒళ్లు తేలిగ్గా ఉందని కిలోమీటరుకు 15, 20 సెకన్లు ముందు పోయినవాళ్లు ఆ తొందరకు ఇక్కడ బదులు కట్టాలి. ఎక్కుడు మీద గడియారం చూసి వేగం నిలుపుకోవాలనుకోవడమే అందరూ చేసే తప్పు. నిలుపుకోవాల్సింది ఊపిరి. అడుగు పొట్టిగా వేయండి, చూపు పది పదిహేను మీటర్ల ముందు ఉంచండి, నాలుగు మాటలు మాట్లాడగలిగేంత ఊపిరి మిగుల్చుకోండి. వేగం తగ్గితే తగ్గనివ్వండి.

చెక్‌పోస్టు దాటి రోడ్ నంబర్ 45 మీదుగా కేబుల్ బ్రిడ్జి వైపు దిగేటప్పుడు దెబ్బ ఇంకో రకంగా తగులుతుంది. అడుగు చాచి మడమతో బ్రేకు వేస్తూ దిగితే, తొడ ముందు కండరం సాగుతూనే బరువు మోయాల్సి వస్తుంది. లోపలి పోగులు చిట్లేది అప్పుడే. నొప్పి వెంటనే తెలియదు, బయోడైవర్సిటీ ఫ్లైఓవర్ ఎక్కేటప్పుడు కాళ్లు మొద్దుబారుతాయి. దిగుడులో కూడా అడుగు పొట్టిగానే ఉండాలి, పాదం నడుము కిందనే పడాలి. వాన పడితే ఫ్లైఓవర్ల మీది ఇనుప జాయింట్లు, రోడ్డు మీది తెల్ల పెయింటు గీతలు జారుతాయి. వాటి మీద మలుపు తిరగొద్దు.

ఇందుకు మన దగ్గర సాధన కష్టమేమీ కాదు. పరుగుకు ఎనిమిది వారాల ముందు నుంచి వారానికి ఒక రోజు ఊళ్లోని రైల్వే ఓవర్‌బ్రిడ్జినో, గుట్ట దారినో పట్టుకోండి. 300 నుంచి 400 మీటర్ల ఎక్కుడు చాలు. ఆరు సార్లతో మొదలుపెట్టి పదికి చేరండి. దిగేటప్పుడు నడవకుండా మెల్లగా పరుగెత్తుతూ దిగండి, తొడలకు అసలు పాఠం అదే. ఎన్జీ కాలేజీ గ్రౌండులో ఎన్ని రౌండ్లు కొట్టినా ఈ పని జరగదు. సాఫు రోడ్డు మీద రెండు గంటల్లో హాఫ్ ముగించేవాళ్లు ఇక్కడ ఎనిమిది, పది నిమిషాలు ఎక్కువ వేసుకుని లెక్క పెట్టుకుంటే నిరాశ ఉండదు.

పరుగు జరిగేది ఆగస్టు చివర్లో. తెల్లవారుజామున ఎండ లేదు కదా అని మోసపోవద్దు. గాలిలో తేమ నిండి ఉంటుంది, చెమట పడుతుంది కానీ ఆరదు. ఆరితేనే కదా ఒళ్లు చల్లబడేది! దారిలో నీళ్ల స్టాళ్లు బాగానే ఉంటాయి, వలంటీర్లు చెయ్యి చాచి మరీ అందిస్తారు. ఈ పరుగులో మాకు అన్నిటికన్నా నచ్చేది వాళ్లే. కానీ ప్రతి స్టాల్ దగ్గరా కడుపు నిండా నీళ్లు తాగొద్దు. ఒంట్లో సోడియం పలచబడి వాంతి, తలనొప్పి, తికమక మొదలవుతాయి, ముదిరితే ప్రాణం మీదికి వస్తుంది. దాహమైనప్పుడు రెండు మూడు గుక్కలు చాలు. ఓఆర్ఎస్ సొంతంగా తెచ్చుకునేవాళ్లు పాకెట్ మీద రాసిన కొలత తప్పొద్దు. ప్రపంచ ఆరోగ్య సంస్థ ఫార్ములా పాకెట్ 20.5 గ్రాములు, ఒక లీటరు నీళ్లకు. దాన్ని చిన్న సీసాలో చిక్కగా కలుపుకుని తాగితే పేగుల్లోకి నీరు లాక్కుని కడుపు పాడవుతుంది. ముందు రాత్రి జొన్నరొట్టె కూడా వద్దు. మంచి తిండే కానీ పీచు ఎక్కువ, తెల్లారి మధ్యదారిలో ఇబ్బంది పెడుతుంది. తెల్లన్నం, పెరుగు, పొద్దున ఒక అరటిపండు చాలు.

టైమింగ్ పద్ధతి అర్థం చేసుకుంటే సగం ఫిర్యాదులు ఉండవు. ఛాతీ మీద తగిలించుకునే నంబరు కాగితం (బిబ్) వెనుక అంటించి ఉండే పలచటి పట్టీయే, టైము నమోదు చేసే చిప్. దాంట్లో బ్యాటరీ లేదు. దారిలో పరిచిన మ్యాట్ దాటేటప్పుడు యాంటెన్నా పంపే తరంగాలతోనే అది పలుకుతుంది. ఆ తరంగాలను నీరు మింగేస్తుంది, మనిషి ఒళ్లంతా నీరే. అందుకని బిబ్ ఛాతీ మీద, ముందువైపు, నాలుగు పిన్నులతో ఉండాలి. మడతపెట్టినా, వీపున కట్టుకున్నా, మీద రెయిన్‌కోటు వేసినా, పక్కనే నడుముకు నీళ్ల సీసా వేలాడినా రీడింగ్ తప్పే అవకాశం ఉంది. పిన్ను ఆ పట్టీలోంచి గుచ్చితే చిప్ తెగిపోతుంది. ఇక గన్ టైమ్ అంటే తుపాకీ పేలినప్పటి నుంచి లెక్క, చిప్ టైమ్ అంటే మీరు స్టార్ట్ మ్యాట్ దాటినప్పటి నుంచి. వెనుక వరసలో నిలబడ్డవాళ్లు చిప్ టైమే చూసుకోవాలి.

హాఫ్‌లో జీపీఎస్ గడియారం 21.4 కిలోమీటర్లు చూపించింది, కోర్సు ఎక్కువ కొలిచారని చాలామంది అంటారు. కొలత తప్పలేదు. అంతర్జాతీయ మారథాన్ల సంఘం (AIMS) పద్ధతిలో సైకిల్ ముందుచక్రానికి దాని తిరుగుళ్లు లెక్కపెట్టే జోన్స్ కౌంటర్ కట్టి, మలుపుల దగ్గర అంచుకు 30 సెంటీమీటర్ల దూరంలో, అతి దగ్గరి దారిన కొలుస్తారు. పొరపాటున కూడా తక్కువ పడకూడదని వెయ్యికి ఒకటి చొప్పున, అంటే ఫుల్‌లో 42 మీటర్లు, కావాలనే కలుపుతారు. మనం మలుపుల్లో బయటివైపు తిరుగుతాం, నీళ్ల కోసం పక్కకు పోతాం. మైండ్‌స్పేస్ అండర్‌పాస్‌లో జీపీఎస్ సిగ్నలే అందదు. కిలోమీటరు బోర్డులను నమ్ముకోవడం మేలు.

దూరం నుంచి వచ్చేవాళ్లకు అసలు ఇబ్బంది బిబ్ తీసుకోవడంలో ఉంది. పరుగు రోజు బిబ్బులు ఇవ్వరు. ముందు రెండు రోజుల్లో హైటెక్స్‌లోని ఎక్స్‌పోకు పోయి తెచ్చుకోవాలి. నల్లగొండ నుంచైనా మహబూబ్‌నగర్ నుంచైనా నగరం వంద కిలోమీటర్ల దూరం. రెండుసార్లు తిరగడం దండగ, శనివారం పోయి రాత్రి అక్కడే ఉండటమే మార్గం. ఫీజుతో పాటు లాడ్జి ఖర్చూ లెక్కలో వేసుకోండి. నల్లగొండ బస్సులో వచ్చేవాళ్లు ఎల్బీనగర్‌లో, మహబూబ్‌నగర్ నుంచి వచ్చేవాళ్లు ఎంజీబీఎస్‌లో మెట్రో ఎక్కి, అమీర్‌పేటలో లైను మారి హైటెక్ సిటీలో దిగితే అక్కడి నుంచి ఆటో. బిబ్ వెనుక రక్తం గ్రూపు, అత్యవసర ఫోన్ నంబర్ అక్కడికక్కడే రాసుకోండి. రాలేకపోయిన స్నేహితుడి బిబ్బు తగిలించుకుని పరుగెత్తడం అసలే వద్దు. దారిలో పడిపోతే డాక్టర్ చేతికి వేరేవాళ్ల వివరాలు వెళతాయి.

రాత్రి బసకు ఖైరతాబాద్, లక్డీకాపూల్ వైపు చూసుకోవాలి, గచ్చిబౌలి వైపు కాదు. తెల్లవారుజామున చేరాల్సింది స్టార్ట్‌కే. మామూలు రోజుల్లో మెట్రో ఆరు గంటలకు కానీ కదలదు. మారథాన్ రోజున ముందుగా నడిపిన ఏళ్లు ఉన్నాయి, ఆ ఏడాది ప్రకటన వచ్చిందో లేదో చూసుకోండి. సొంత బండిని పీపుల్స్ ప్లాజా దగ్గర పెడితే పరుగయ్యాక మళ్లీ నగరం ఈ చివరికి రావాలి. ఫినిష్ దగ్గర పెట్టుకుని స్టార్ట్‌కు క్యాబ్‌లో పోవడం నయం. అప్పుడు నల్లగొండవాళ్లు ఔటర్ మీదుగా పెద్ద అంబర్‌పేట దిగి నార్కట్‌పల్లి దారి పట్టొచ్చు, పాలమూరువాళ్లు శంషాబాద్ దగ్గర దిగి షాద్‌నగర్ దారి పట్టొచ్చు. ఫుల్ పరుగెత్తినవాళ్లు మాత్రం స్టీరింగ్ పట్టొద్దు. బ్రేకు మీద ఉన్న కాలి పిక్క పట్టేస్తే హైవే మీద ఏమీ చేయలేరు, డ్రైవింగ్ వచ్చినవాళ్లను వెంట తెచ్చుకోండి.

మొదటి ఫుల్ వద్దని ఎందుకన్నామంటే, హాఫ్‌వాళ్లు పరుగు ముగించే గచ్చిబౌలి చేరాక కూడా ఫుల్‌వాళ్లు ఆ చుట్టుపక్కల ఎంతో దూరం తిరగాలి. ఎండ ఎక్కుతుంటుంది, మెడలో మెడల్ వేసుకున్నవాళ్లు నడిచిపోతుంటారు. ఒళ్లు 30 కిలోమీటర్ల తర్వాత ఎట్లా ఉంటుందో ముందే తెలిసినవాళ్లు అక్కడ తట్టుకుంటారు. తెలియనివాళ్లలో ఎక్కువమంది నడకకు దిగేది ఆ చోటే.