స్వతంత్ర ఘటనలపై ఒక వీడియో కోర్సు: జోకరు పాఠం కోసం చూడవచ్చు

ఇంటర్ చదువుతున్న మా అమ్మాయి కోసం సంభావ్యతపై తెలుగులో చెప్పిన వీడియో కోర్సు ఒకటి డబ్బు కట్టి తీసుకున్నాను. స్వతంత్ర ఘటనల భాగాన్ని తనతో పాటు కూర్చుని పూర్తిగా చూశాను కాబట్టి, ఈ సమీక్ష ఆ భాగానికే పరిమితం.

52 పేకముక్కల్లోంచి ఒకటి తీసినప్పుడు అది రాజు కావడం, ఆటీను కావడం స్వతంత్ర ఘటనలు, అంటే ఒకటి జరిగిందని తెలిసినా రెండోదాని సంభావ్యత మారదు; అలాంటప్పుడు రెండింటి సంభావ్యతల లబ్ధమే రెండూ కలిసి జరిగే సంభావ్యత గనుక, 4/52ను 13/52తో గుణిస్తే ఆటీను రాజు వచ్చే సంభావ్యత 1/52 సరిగ్గా వస్తుంది. ఇంతవరకు ఏ గైడులోనైనా ఉంటుంది. ఈ ఉపాధ్యాయుడు అక్కడితో ఆగకుండా కట్టలో ఒక్క జోకరు కలిపి మళ్లీ లెక్క వేయించారు. ఇప్పుడు లబ్ధం 52/2809 కాగా, ఆటీను రాజు వచ్చే సంభావ్యత 1/53, అంటే 53/2809. ఆ ఒక్కటి తేడాతో స్వతంత్రత పోయింది. వచ్చింది రాజని తెలియగానే అది జోకరు కాదని కూడా తెలిసిపోతుంది గనుక, ఆటీను అయ్యే అవకాశం 13/53 నుంచి 1/4కు పెరుగుతుందని ఆయన చెప్పిన వివరణ నాకు ఎంతో నచ్చింది. (రమ్మీ ఆడే మా ఇంట్లో జోకర్లు లేని పేక దొరకడమే కష్టం.)

అదే కోర్సు తరువాతి పాఠంలో స్వతంత్ర ఘటనలంటే "ఒకదానితో ఒకటి సంబంధం లేనివి" అని తేల్చేసి, ఒకే పాచికను ఒక్కసారి దొర్లించినప్పుడు 2 పడటం, 5 పడటం అందుకు ఉదాహరణగా చూపడం క్షమించరాని పొరపాటు. అవి పరస్పర వివర్జిత ఘటనలు. ఒకటి జరిగితే రెండోది జరగనే జరగదు, అంతకు మించిన సంబంధం ఏముంటుంది? లబ్ధం 1/36, రెండూ కలిసి జరిగే సంభావ్యత సున్నా. సరిదిద్దమని రాశాను, జవాబు రాలేదు.

ఎప్పుడు గుణించకూడదో అసలు చెప్పలేదు. 1999లో ఇంగ్లండులో తన ఇద్దరు శిశువులను చంపిందన్న అభియోగంపై శాలీ క్లార్క్ అనే తల్లిని విచారించినప్పుడు, ఒకే ఇంట్లో ఇద్దరు శిశువుల ఆకస్మిక మరణాలను స్వతంత్ర ఘటనలుగా భావించి 1/8543ను దానితోనే గుణించి, అలా జరిగే అవకాశం సుమారు 7.3 కోట్లలో ఒకటని ఒక వైద్య నిపుణుడు వాంగ్మూలమిచ్చారు; ఒకే కుటుంబంలో జన్యువులు, పరిసరాలు ఉమ్మడివన్న సంగతి ఆ గుణకారంలో లేదు. ఆమెకు పడిన శిక్ష 2003లో రద్దయింది.

మూడు ఘటనలు స్వతంత్రమో కాదో తేల్చడానికి జంటలుగా సరిచూస్తే చాలని కోర్సులో అన్నారు, అదీ తప్పే. పాచిక పాఠాన్ని దాటవేయించి, మా అమ్మాయి చేతికి రెండు నాణేలు ఇచ్చాను: మొదటిది బొమ్మ, రెండోది బొమ్మ, రెండూ ఒకేలా పడటం. ఏ జంట తీసుకున్నా స్వతంత్రమే, కాని మూడూ కలిసి జరిగే సంభావ్యత 1/8 కాదు, 1/4 అని తనే లెక్క కట్టింది.