విజయనగరంలో ఒలిచిన వెల్లుల్లి సంచులు కొనేవారూ, జాగ్రత్త

వెల్లుల్లి పచ్చడి పెట్టడానికి గంటస్తంభం వైపు బజారులో ఒలిచిన రెబ్బల సంచి ఒకటి కొన్నాను. కిలో సరుకు. పైన పేరు లేదు, కట్టిన తేదీ లేదు, ఆహార భద్రత చూసే కేంద్ర సంస్థ ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ లైసెన్సు నంబరు లేదు. "రాత్రి ఒలిచి పొద్దున కట్టినవమ్మా, నిశ్చింతగా పట్టుకెళ్లండి" అన్నాడు అమ్మే అతను.

ఇంట్లో పళ్లెంలో పోశాక తెలిసింది అసలు సంగతి. సంచికి పైవైపు ఉన్నవి తెల్లగా నిగనిగలాడుతున్నాయి. అడుగున ఉన్నవి జిగురు పట్టి వేళ్ల సందున జారిపోతున్నాయి. మొదళ్ల దగ్గర పసుపు మచ్చలు, కింద చేరిన నీటికి పులిసిపోయిన గంజి కంపు. వెనక్కి తీసుకెళితే "ఒలిచిన సరుకు వాపసు తీసుకోం" అన్నారు, అంతే.

పోయిన డబ్బు కంటే నాకు బాధ కలిగించింది వేరు. అలాంటి రెబ్బలు ఎవరి జాడీలోకో వెళుతున్నాయి. వెల్లుల్లికి స్వతహాగా పులుపు చాలా తక్కువ. మట్టిలో ఉండే బొట్యులినం అనే బ్యాక్టీరియా బీజాలు దాన్ని అంటిపెట్టుకుని వస్తాయి. గాలి ఆడక, పులుపు చాలక, తడి ఉన్నచోట అవి విషం పుట్టిస్తాయి. నూనెలో మునిగిన రెబ్బకు గాలి ఎక్కడిది? 1985లో కెనడాలోని వాంకూవర్‌లో, నూనెలో వేసిన తరిగిన వెల్లుల్లిని ఫ్రిజ్‌లో పెట్టకుండా వాడినందుకు 36 మంది జబ్బుపడ్డారు. ఆ విషం చేరినా రంగు, వాసన మారకపోవచ్చు. మన పచ్చడిని కాపాడేవి ఉప్పు, నిమ్మరసం లేదా చింతపండు పులుపు. సంచిలోని నీరు ఆ రెండింటినీ పలచన చేసేస్తుంది. పిల్లలు తినరని పులుపు తగ్గించేవారు దయచేసి ఆ పని చేయకండి.

నిమ్మరసంలో రెబ్బలు ఆకుపచ్చగానో నీలంగానో మారితే మాత్రం కంగారుపడనక్కరలేదు. అది వెల్లుల్లిలోని గంధకపు పదార్థాల వల్ల వచ్చే రంగు, హాని లేదు. జిగురు వేరు, ఆ రంగు వేరు.

వీలైతే గడ్డలే కొనండి. చేతికి గట్టిగా, బరువుగా ఉండాలి, పొట్టు బాగా ఎండి ఉండాలి. రెబ్బలు విడదీసి, కాస్త నూనె రాసి ఎండలో పెట్టి నలిపితే పొట్టు సులువుగా ఊడుతుంది. కడిగితే గుడ్డమీద తడి పూర్తిగా ఆరనివ్వాలి. ఒలిచినవే కావాలంటే సంచి తిరగేసి అడుగు చూడండి, నీరు కనిపిస్తే అక్కడే వదిలేయండి. బిల్లు అడిగి తీసుకోండి. పాడైన సరుకు అంటగట్టి డబ్బు తిరిగి ఇవ్వకపోతే జాతీయ వినియోగదారుల సహాయ కేంద్రం నంబరు 1915కు ఫోను చేయవచ్చు.