ఒక పీఎస్5, మూడు ఊళ్లు: దూరం నుంచి కలిసి ఆడాలంటే ఏది మేలు?

ఆదివారం రాత్రి పదిన్నర. బెంగళూరు మారతహళ్ళిలో నా గదిలో టీవీ ముందు నేనొక్కణ్ణే. హెడ్‌సెట్‌లో మాత్రం ఇద్దరున్నారు. ఒకడు చెన్నై షోలింగనల్లూరులో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేస్తున్నాడు. రెండోవాడు విజయవాడలో వాళ్ల నాన్నగారి షాపు చూసుకుంటున్నాడు. గేమ్ నడుస్తున్నది నా పీఎస్5లో (సోనీ వాళ్ల ప్లేస్టేషన్ 5 గేమింగ్ కన్సోల్), ఆడుతున్నది విజయవాడ వాడు. తెర మీద బొమ్మ అంచు దాకా పరుగెత్తి, తిన్నగా గోతిలో పడింది.

"రేయ్ బావా, నేను నొక్కానురా. వాడే దూకలేదు."

మొదట్లో ఇది సాకు అనుకునేవాణ్ణి. ఇంజనీరింగ్ రోజుల్లో హాస్టల్లో ఒకే డెస్క్‌టాప్, రెండు ప్యాడ్లు, ఎనిమిది మందిమి. ఓడినవాడు లేవాలి. అప్పుడు కూడా వాడు ఇదే మాట అనేవాడు, ప్యాడ్ బటన్ పాడైందని. కానీ ఈసారి వాడు చెప్పింది నిజం. వాడు సమయానికే నొక్కాడు. ఆ నొక్కుడు విజయవాడ నుంచి మారతహళ్ళికి వచ్చేసరికి బొమ్మ గోతిలో ఉంది.

ముగ్గురం మూడు మెషీన్లు కొనుక్కుంటే ఈ గొడవ లేదు. కానీ పీఎస్5 మన దేశంలోకి 2021 ఫిబ్రవరిలో వచ్చినప్పుడే దాని ధర 49,990 రూపాయలు. అప్పట్లో కొత్త గేమ్ ఒక్కోటి 4,999 దాకా ఉండేది. నెలకి రెండుసార్లు ఆడుకోవడానికి ముగ్గురూ అంత పెట్టడం దండగ. ఒకడి దగ్గరున్నది మిగతావాళ్లు దూరం నుంచి వాడుకునే దారులు నాలుగున్నాయి. అన్నీ వాడి చూశాం. చెన్నై వాడి దగ్గర గేమింగ్ ల్యాప్‌టాప్, విజయవాడ వాడి దగ్గర సెకండ్ హ్యాండ్ పీఎస్4, నా దగ్గర పీఎస్5 ఉండటం వల్ల పరీక్ష కూడా బాగానే కుదిరింది.

మొదటిది షేర్ ప్లే. సోనీ దీన్ని 2014 అక్టోబరులో పీఎస్4లోకి తెచ్చింది, పీఎస్5లోనూ ఉంది. నా ఆట తెరను నెట్ మీదుగా మిత్రుడికి చూపించి, ప్యాడ్ వాడికి అప్పగించొచ్చు. గేమ్ వాడు కొనక్కర్లేదు, డౌన్‌లోడ్ కూడా చేసుకోనక్కర్లేదు. ఆతిథ్యం ఇచ్చేవాడికి పీఎస్ ప్లస్ (సోనీ వాళ్ల ఆన్‌లైన్ సర్వీసు) చందా ఉండాలి. నా బదులు వాడు ఆడితే వాడికి చందా అవసరం లేదు, రెండో ప్యాడ్‌తో నాతో కలిసి ఆడాలంటే మాత్రం వాడికీ ఉండాలి. అతిథి ఒకసారికి ఒక్కడే. వాడి దగ్గర కూడా ప్లేస్టేషన్ ఉండి తీరాలి, అందువల్ల చెన్నై వాడు ఇక్కడే ఔట్.

దీని అసలు సుఖం కలిసి ఆడటంలో లేదు, పని అప్పగించడంలో ఉంది. ఎల్డెన్ రింగ్ గేమ్‌లో ఒక బాస్ (దారికి అడ్డుపడే పెద్ద శత్రువు) దగ్గర నేను వారం రోజులు చచ్చాను. "కొట్టిపెట్టరా" అని ప్యాడ్ ఇచ్చాను. విజయవాడ వాడు నాలుగైదు సార్లు చచ్చి, ఆలస్యం ఎంతో వేళ్లకి అలవాటు చేసుకుని, కత్తి పైకి లేవకముందే దొర్లడం మొదలుపెట్టాడు. ఇంకో రెండు దెబ్బలైతే అయిపోతుంది. అంతలో షేర్ ప్లే ఆగిపోయింది. ఒక్కో విడత గంటే. మళ్లీ ఎన్నిసార్లైనా మొదలుపెట్టుకోవచ్చు, కానీ గంట నిండుతోందని చూసుకోని తప్పు నాది. ఆ రాత్రి నేను విన్న తిట్లు ఇక్కడ రాయను. ఇప్పుడు బాస్ తలుపు ముందు ఆగి, షేర్ ప్లే కొత్తగా మొదలుపెట్టుకున్నాకే లోపలికి వెళ్తున్నాం.

ఒకరి మీద ఒకరు ఆడే ఆటలకి మాత్రం ఇది పనికిరాదు. ఇంటివాడికి, అంటే ఎవరి మెషీన్లో గేమ్ నడుస్తోందో వాడికి, ఆలస్యం లేదు, అతిథికే ఉంది. ఎఫ్‌సీ ఫుట్‌బాల్ ఆడి చూడండి. షాట్ బటన్ ఎంతసేపు నొక్కి ఉంచితే అంత బలం. నొక్కడం, వదలడం రెండూ ఒకే ఆలస్యంతో చేరతాయి కాబట్టి లెక్క ప్రకారం తేడా రాకూడదు. కానీ అతిథి బలం చూసుకునేది తెర మీద బార్‌లో. ఆ బార్ వాడికి ఆలస్యంగా కనపడుతుంది, దాన్ని నమ్మి ఆలస్యంగా వదులుతాడు, బంతి పోయి గ్యాలరీలో పడుతుంది. అలా వరుసగా ఆరు మ్యాచ్‌లు గెలిచాను. ఏడో మ్యాచ్‌కి వాడు రాలేదు. క్రికెట్ గేమ్‌లైతే మరీ ఘోరం, బ్యాట్ టైమింగ్ అంతా కంటితోనే కదా.

రెండోది స్టీమ్ రిమోట్ ప్లే టుగెదర్. పీసీ గేమ్‌లు అమ్మే స్టీమ్ దుకాణం నడిపే వాల్వ్ సంస్థ దీన్ని 2019 చివర్లో తెచ్చింది. ఇందులో ఇంటివాడి దగ్గర ఉండాల్సింది పీసీ. గేమ్ వాడొక్కడు కొంటే చాలు, అతిథులు ల్యాప్‌టాప్‌లోనో ఫోన్‌లోనో స్టీమ్ లింక్ యాప్ పెట్టుకుని, పంపిన లింక్ నొక్కి వచ్చేయొచ్చు. స్టీమ్ ఖాతా లేకపోయినా ఫరవాలేదు. గంట గడువు లేదు, నెలసరి చందా లేదు, నలుగురి దాకా హాయిగా చేరొచ్చు. ఒకే ఇంట్లో ఒకే తెర ముందు కూర్చుని ఆడేలా చేసిన గేమ్‌లన్నీ దీనివల్ల దూరం నుంచి ఆడేవి అయిపోయాయి. కప్‌హెడ్‌కి సొంతంగా ఆన్‌లైన్ లేదు, ఇద్దరూ ఒకే గదిలో ఉండాల్సిందే. ఇలా అయితే చెన్నైలో ఒకడు, విజయవాడలో ఇంకొకడు ఆడొచ్చు. విజయవాడ వాడు తన పీఎస్4 ప్యాడ్‌ని బ్లూటూత్‌తో ఫోన్‌కి కలిపి, ఫోన్‌ని షాపు కౌంటర్ మీద తాళాల పెట్టెకి ఆనించి కూర్చుంటాడు.

పీఎస్5 కోసం అంత డబ్బు పోసిన నాకు ఇది చెప్పడం కొంచెం బాధే, కానీ ముగ్గురం కలవడానికి చెన్నై వాడి ల్యాప్‌టాపే ఎక్కువ పనికొచ్చింది.

అసలు కిటుకు ఎక్కడుందో తెలుసుకోవడానికి మాకు చాలా కాలం పట్టింది. నెట్ స్పీడ్ అనగానే అందరం డౌన్‌లోడ్ చూస్తాం. ఇక్కడ వీడియో బయల్దేరేది ఇంటివాడి ఇంటి నుంచి. కాబట్టి కావాల్సింది వాడి అప్‌లోడ్. 1080పిలో సెకనుకి 60 ఫ్రేములు సాఫీగా పంపడానికి 10 నుంచి 30 ఎంబీపీఎస్ ఉంటే మంచిదని వాల్వ్ చెప్పింది. అతిథులు ఇద్దరైతే ఆ బరువు రెండింతలు. నేను మొదట ఉన్న పీజీలో యజమాని లాగించిన కేబుల్ నెట్ ఉండేది. డౌన్‌లోడ్ 40 వచ్చేది, సినిమాలు భేషుగ్గా ఆడేవి. అప్‌లోడ్ 3. ఆ మూడులోనే పక్కగది వాళ్ల వీడియో కాల్స్. నేను పంపిన ఆట వాళ్లకి బూజు పట్టిన అద్దంలోంచి చూసినట్టు ఉండేది.

ఇక ఆలస్యం సంగతి. ఫైబర్‌లో వెలుతురు మిల్లీసెకనుకి సుమారు 200 కిలోమీటర్లు పోతుంది. బెంగళూరు నుంచి విజయవాడకి రోడ్డు మీద 650 కిలోమీటర్ల చిల్లర, అంటే లెక్క ప్రకారం పోయి రావడానికి ఏడు మిల్లీసెకన్లు కూడా పట్టకూడదు. దూరం మనకి శత్రువు కానే కాదు. దారిలో పడే మెలికలు, ఇంట్లో వైఫై, ఫోన్ టవరు, వీడియోని కుదించి మళ్లీ విప్పడం, ఇవీ తినేవి. సెకనుకి 60 ఫ్రేములంటే ఒక్కో ఫ్రేము దాదాపు 17 మిల్లీసెకన్లు. మొత్తం కలిపి నూరు మిల్లీసెకన్లు అయిందంటే ఆరు ఫ్రేములు వెనకబడ్డట్టే. మావాడి బొమ్మ గోతిలో పడటానికి అది చాలు. చెన్నై వాడి ఫైబర్ నుంచి నాకు పింగ్, అంటే సంకేతం పోయి రావడానికి పట్టే సమయం, 15 మిల్లీసెకన్లు దాటేది కాదు. విజయవాడ వాడి ఫోన్ హాట్‌స్పాట్‌తో 60 ఉండి, ఉన్నట్టుండి 200కి ఎగిరేది. స్థిరంగా 60 ఉంటే చేతులు అలవాటు పడతాయి. ఆ ఎగరడమే చంపేది.

దీనికి మా ఇద్దరం చేసిన వైద్యం చాలా చవక. నేను ఎస్పీ రోడ్డుకి వెళ్లి, చెన్నై వాడు రిచీ స్ట్రీట్‌కి వెళ్లి తలో ఇరవై మీటర్ల లాన్ కేబుల్ తెచ్చుకున్నాం. అపార్ట్‌మెంట్లలో ప్రతి గోడ అవతలా ఒక రౌటర్ ఉన్న ఊళ్లలో వైఫై మీద ఆట పంపడం ట్రాఫిక్‌లో సైకిల్ రేస్ పెట్టడమే. కేబుల్ పెట్టిన రాత్రి నుంచి సగం తగాదాలు పోయాయి. మిగిలిన సగం కరెంటు వల్ల. మా బిల్డింగ్‌లో ఇన్వర్టర్ మీద ఫ్యాన్లు, లైట్లు, రౌటర్ నడుస్తాయి కానీ టీవీ, కన్సోల్ నడవవు. కరెంటు పోతే ఆతిథ్యం మాయం. ల్యాప్‌టాప్‌కి ఆ బాధ కూడా తక్కువ.

మూడోది అసలు సిసలు క్లౌడ్. గేమ్ ఎవరింట్లోనూ నడవదు, డేటా సెంటర్‌లో నడుస్తుంది. సోనీ వాళ్ల పీఎస్ ప్లస్‌లో క్లౌడ్ ఉన్న ప్రీమియం శ్రేణి బదులు మన దేశంలో డీలక్స్ పెట్టారు, అందులో ఆ సౌకర్యం లేదు. మైక్రోసాఫ్ట్ వాళ్ల ఎక్స్‌బాక్స్ క్లౌడ్ గేమింగ్ మాత్రం 2025 నవంబరులో ఇండియాకి వచ్చింది. వాళ్ల గేమ్ పాస్ చందా, ప్యాడ్, ఓ మోస్తరు ఫోన్ ఉంటే కన్సోలే అక్కర్లేదు. ఇందులో ఎవరి అప్‌లోడ్ గురించీ దిగులు లేదు, ఎందుకంటే మన ఇంటి నుంచి పైకి పోయేది బటన్ నొక్కుళ్లే, వీడియో అంతా కిందకే వస్తుంది. ఇంటివాడు, అతిథి అనే తేడా కూడా ఉండదు, అందరికీ తలా కాస్త ఆలస్యం. ఒకరి మీద ఒకరు ఆడేటప్పుడు నాకు నచ్చింది ఇదే.

చిక్కల్లా పంచుకోవడం దగ్గర. చందా ఎవరిది వాళ్లు కట్టాలి. నా చందాతో నేను ఆడుతున్న ఆటలోకి మిత్రుణ్ణి రెండో ప్యాడ్‌తో లాక్కోవడం కుదరదు. ముగ్గురం మూడు చందాలు కట్టి, ఆ గేమ్‌లో సొంత ఆన్‌లైన్ ఉంటేనే కలుస్తాం. నెలలో రెండు ఆదివారాలు ఆడేవాళ్లకి గిట్టుబాటు కాదు. పైగా కట్టినన్నాళ్లే గేమ్. గూగుల్ వాళ్ల క్లౌడ్ గేమింగ్ సర్వీసు స్టేడియా 2019 నవంబరులో మొదలై 2023 జనవరిలో మూతపడటం చూశాక, క్లౌడ్‌లో ఉన్నదాన్ని నాది అనుకోవడం మానేశాను. మొబైల్ డేటా మీద ఆడేవాళ్లు ఇంకో లెక్క చూసుకోవాలి. 5 ఎంబీపీఎస్ అయినా గంటకి రెండుంపావు జీబీ. రోజుకి ఒకటిన్నర జీబీ ప్యాక్ నలభై నిమిషాల్లో ఖాళీ, ఆ తర్వాత వాట్సాప్ కూడా కదలదు.

నాలుగోదాన్ని చాలామంది మర్చిపోతారు, ఫ్రెండ్స్ పాస్. హేజ్‌లైట్ స్టూడియో చేసిన ఇట్ టేక్స్ టూ, 2025 మార్చిలో వచ్చిన స్ప్లిట్ ఫిక్షన్ ఇద్దరే ఆడే గేమ్‌లు, ఒకడు కొంటే రెండోవాడు ఉచితంగా దించుకుని చేరొచ్చు. స్ప్లిట్ ఫిక్షన్‌లోనైతే నా పీఎస్5, చెన్నై వాడి ల్యాప్‌టాప్ కూడా కలుస్తాయి. బొమ్మ ఎవరి మెషీన్లో వాళ్లకే తయారవుతుంది, నెట్ మీద పోయేది ఎవరు ఎక్కడున్నారన్న సమాచారమే. నొక్కుడికి ఆలస్యం దాదాపు సున్నా. నన్నడిగితే ఇద్దరికీ మెషీన్లు ఉన్నప్పుడు ఈ దారి ఉన్న గేమ్ కొనడమే తెలివి, మిగతావన్నీ దీని తర్వాతే. కాకపోతే గేమ్ మొత్తం దించుకోవాలి. పీసీలో స్ప్లిట్ ఫిక్షన్‌కి 85 జీబీ చోటు అడుగుతుంది. రోజుకి ఒకటిన్నర జీబీ ప్యాక్‌తో అంతా దించాలంటే రెండు నెలలు.

నింటెండో స్విచ్ 2లో గేమ్‌షేర్ అని ఇలాంటిదే ఉంది, బాగుందంటారు. మన దగ్గర గ్రే మార్కెట్‌లో కొనాలి, ఇద్దరూ కొనాలి. ఆ లెక్క నేను వేయలేదు. ఖాతా పాస్‌వర్డ్ ఇచ్చేసి ఆడుకోమనే దారి కూడా ఉంది, అది దారి కాదు. నా కార్డు నంబరు ఉన్న ఖాతా ఎవరికీ ఇవ్వను, బావకైనా సరే. స్టీమ్‌లో గేమ్‌లు పంచుకునే స్టీమ్ ఫ్యామిలీస్ ఒకే ఇంట్లో ఉండేవాళ్ల కోసం పెట్టింది. అందులో ఒకడు చీటింగ్ చేసి దొరికితే, గేమ్ ఎవరిదో వాడి మీద కూడా వేటు పడుతుంది. మా బృందంలో ఆ ఒకడు ఎవడో నాకు తెలుసు.

ఇప్పుడు మా ఏర్పాటు ఇది. ముగ్గురం కలిసే రోజున ఆతిథ్యం చెన్నైది, కేబుల్ గుచ్చిన ల్యాప్‌టాప్‌తో. నాకూ చెన్నైకీ అయితే స్ప్లిట్ ఫిక్షన్. నేను ఏదైనా బాస్ దగ్గర ఇరుక్కుంటే షేర్ ప్లేలో విజయవాడ. ఫుట్‌బాల్ మాత్రం సంక్రాంతికి ఊరెళ్లినప్పుడు, ఒకే టీవీ ముందు. వాడు ఆ ఆరు మ్యాచ్‌లు లెక్కలోకి రావంటున్నాడు, నేను వస్తాయంటున్నాను.

విజయవాడ వాడి ఇంటికి ఫైబర్ లాగేవాళ్లు గురువారం వస్తామన్నారట. పోయిన గురువారం కూడా అదే అన్నారు.